పీత డెక్క

పిరిడీన్ సీసా మూత తీస్తే
మూడో అంతస్తు దాకా తెలిసిపోతుంది.
"చేపల కంపు" అన్నాడు కొత్తగా చేరిన కుర్రాడు.
ఆరోక్యమేరి ఊడుస్తున్న చీపురు ఆపింది.
కాశిమేడు రేవులో పుట్టిన మనిషి.
"చేప ఇట్లా కొట్టదు తమ్ముడూ,
చచ్చి మూడు రోజులైనా.
దీన్ని మా చేప మీద వెయ్యకు."
ఇరవై ఏళ్ల చెన్నైలో నాకబ్బిన అరవానికి
ఆ మాటలో సగం విసురే అందింది.

నేను చెప్పేది ఆ సీసా గురించి కాదు.
దాని పక్క గోధుమరంగు డబ్బాలో
ఉప్పులా తెల్లగా ఉండేదాని గురించి.
రెండు పిరిడీన్ వలయాల్ని ఒక్క బంధంతో అతికితే
బైపిరిడీన్. తీరిక లేని శాస్త్రవేత్తలు
పేరును మూడక్షరాలకు కుదించేశారు.

లిగాండ్ అంటే కట్టేది అని
క్లాసులో బోర్డు మీద రాస్తాను,
నచ్చక తుడిచేస్తాను.
తాడు కడుతుంది. ఇది కట్టదు.
తన దగ్గరున్న ఎలక్ట్రాన్ల జంటను
ఇదిగో, అని చాపుతుంది.
పుచ్చుకున్న లోహం ఉండిపోతుంది.

ఊరికే ఉన్నప్పుడు
దీని రెండు నైట్రోజన్లూ ఎడమొహం పెడమొహం.
ఒకటి అడయారు వైపు చూస్తే
ఒకటి సైదాపేట వైపు.
కాస్త ఇనుము తగలనీ,
నడుమ బంధం మీద గిర్రున తిరిగి
రెండూ ఒకే పక్కకొచ్చి పట్టుకుంటాయి.
కీలేషన్ అంటారు. గ్రీకులో పీత డెక్క.
అది విన్న రోజు మేరి
మొదటిసారి నా సబ్జెక్టును నమ్మింది.
ఒంటి వేలితో పీత పట్టదని
ఆమెకు నేను చెప్పాలా?

మార్చిలో ఒక కూల్‌డ్రింకు సీసా తెచ్చింది,
నిండా వాళ్ల వీధి బోరు నీళ్లు.
పట్టినప్పుడు తేట, తెల్లారేసరికి
బకెట్టు అడుగున తుప్పు.
అన్నం పసుపెక్కుతోంది,
కూతురి స్కూలు చొక్కా పసుపెక్కుతోంది,
లారీ ఎప్పుడొస్తుందో లారీకే తెలియదు.
"మీ పీతను ఇందులో వదలండి, చూద్దాం."

వదిలాను.
ముందు కాస్త విటమిన్ సి,
తుప్పెక్కిన ఇనుము మెత్తబడ్డానికి.
ఆ తర్వాత ఎరుపు.
కుంకుమా కాదు, నెత్తురూ కాదు,
ఇనుము చుట్టూ మూడు బైపిరిడీన్లు
ఫ్యాను రెక్కల్లా మెలితిరిగి నిలబడ్డ ఎరుపు.
మిషను అంకె చెప్పింది.
ఉండదగినదానికి చాలా పైన.

"పట్టుకుందిగా. ఇంక తీసేస్తుందా?"
డబ్బా తిప్పి పుర్రె బొమ్మ చూపించాను.
తాగే నీళ్లలో కలపకూడదు మేరీ.
"ఓహో. చెప్తుంది, అంతేనా?"
అంతే.

రుథేనియంతో జతపడితే ఇదే మందు
నీలి దీపం కింద నారింజలా వెలుగుతుంది.
ఎండను కరెంటు చేసే పలకల్లో పనికొస్తుంది.
ఆ వెలుగు మీదే నా పీహెచ్‌డీ,
వైవాలో గంటన్నర మాట్లాడాను.
ఆ గదిలో ఒక్క ముక్క నోటికి రాలేదు.

అంకె కాగితం మీద రాసిచ్చాను.
మడిచి జాకెట్లో పెట్టుకుని
"ఆ గొట్టం కూడా ఇవ్వండి" అంది.
"వార్డు ఆఫీసులో అంకె చూడరు, ఎరుపు చూస్తారు."
మూతకు టేపు చుట్టి, విషం అని రాసి ఇచ్చాను.

మర్నాడు నా బల్ల మీద
కాగితం పొట్లంలో గుప్పెడు చింతపండు.
చేతుల కంపుకట, వాళ్లమ్మ వైద్యం.
రుద్దుకున్నాను. పోయింది.
పులుపులోని ప్రోటాన్ వెళ్లి
నైట్రోజన్ చాచిన జంటనే పట్టేసుకుంటుంది,
ఇక గాల్లోకి ఎగరలేదు.
ఆ స్థితిలో ఇనుమునూ పట్టలేదు.
ఇదీ చెబుదామనుకున్నాను,
ఆమె అప్పటికే రెండో అంతస్తు ఊడుస్తోంది.

వార్డు ఆఫీసు నుంచి ఇంకా కబురు లేదు.
గొట్టం వాళ్ల బల్ల మీదే ఉందట,
ఫైళ్లు ఎగిరిపోకుండా బరువుగా.
నాలుగు నెలలు.
రంగు మాత్రం దిగలేదట.